చనిపోయినవాడే ముద్దాయి

2025 నవంబర్ 18న మారేడుమిల్లి అడవిలో మావోయిస్టు నాయకుడు హిడ్మా, అతని భార్య, మరో నలుగురు ఎన్‌కౌంటర్‌లో చనిపోయారని టీవీలో స్క్రోలింగ్ మొదలైన కాసేపటికే మా పదో తరగతి బ్యాచ్ వాట్సాప్ గ్రూప్ రెండుగా చీలింది. ఒకడు పోలీసులకు చప్పట్లు పెట్టాడు. ఇంకొకడు ఎర్రజెండా, బిగించిన పిడికిలి పెట్టాడు. ముందే పట్టుకుని చంపారని ఆరోపణలు వచ్చాక, అది నిజమో కాదో తేల్చాలి కదా అని నేనొక వాక్యం రాశాను. చప్పట్లు పెట్టినవాడు "వాళ్ళ చేతుల్లో చచ్చిపోయిన జవాన్లు గుర్తు రాలేదా నీకు?" అన్నాడు. జెండా పెట్టినవాడు "తేల్చడానికి ఏముంది, హత్యే" అన్నాడు. ఆ ఇద్దరూ ఇంకే విషయంలోనూ కలవరు. విచారణ అక్కర్లేదనే దగ్గర మాత్రం ఒక్కటయ్యారు.

ఆ రోజు నుంచి నన్ను పట్టుకున్న ఆలోచనను ఇక్కడ పూర్తిగా రాసి చూసుకోవాలనిపించింది. శాంతిగా బతకాలనుకునే సమాజం రాజకీయ హింసకు ఎలా ఎదురు నిలబడాలి? నాకు తోచిన జవాబు ఒకటే. పోయిన ప్రతి ప్రాణానికీ లెక్క అడగాలి. ఎవరు చంపారు, ఎలా చంపారు, ఏ అధికారంతో చంపారు అని అందరి ముందూ అడగాలి. చంపింది నక్సలైట్ల దళమైనా సరే, పోలీసైనా సరే. తెలుగు నేల మీద యాభై ఏళ్ళకు పైగా మనం ఈ ఒక్క పనే చేయలేదు. దళాలు దాదాపు ఖాళీ అయ్యాయి. అడక్కుండా ఉండే అలవాటు మాత్రం మనలో ఉండిపోయింది. అది ఇప్పుడు అడవి దాటి ఊళ్ళలో, నగరాల్లో తిరుగుతోంది.

ఒకే వాడలో రెండు కాగితాలు

మాది పాత కరీంనగర్ జిల్లాలో ఒక ఊరు. తొంభైల్లో మా దిక్కు బతికినవాళ్ళకు ఆ రోజులు వర్ణించి చెప్పక్కర్లేదు. రాత్రి అన్నలు వచ్చి అన్నం పెట్టమంటే లేదనే ధైర్యం ఎవరికీ ఉండేది కాదు. తెల్లారి పోలీసులొచ్చి ఎందుకు పెట్టావని గొడ్డును బాదినట్టు బాదేవాళ్ళు. మా బాపు బడిపంతులు. పొద్దు గుంకిందంటే ఇంట్లో లైటు తీసేసేవాడు. వెలుగు కనిపిస్తే ఎవరు తలుపు కొడతారోనని.

మా వాడలోనే కల్లు గీసే ఒకతన్ని రాత్రిపూట ఇంట్లోంచి తీసుకుపోయి ఊరవతల చంపారు. పోలీసులకు సమాచారం ఇచ్చాడని శవం మీద ఎర్ర సిరాతో కాగితం పెట్టిపోయారు. అది జరిగిన కొన్నాళ్ళకు, అదే వాడ నుంచి దళంలోకి పోయిన ఐటీఐ పిల్లగాడు ఎదురుకాల్పుల్లో చనిపోయాడు. ఊళ్ళో ఆ రెండు కుటుంబాల మధ్య పాత పగలేమీ లేవు. ఒకరి పెళ్ళికి ఒకరు పోయినవాళ్ళే.

చాలా ఏళ్ళ తర్వాత గీత కార్మికుడి భార్య, మాకు పెద్దమ్మ వరస అవుతుంది, సాయం డబ్బు కాగితాల కోసం తిరుగుతుంటే నేను తోడు పోయాను. ఎఫ్ఐఆర్ నకలు దొరికింది. అందులో ముద్దాయిల చోట "గుర్తు తెలియని వ్యక్తులు" అని ఉంది. ఊరంతటికీ తెలిసిన పేర్లు ఆ కాగితానికి తెలియవు. ఆ మాట తెలిసి, చనిపోయిన పిల్లగాడి తల్లి కూడా తన దగ్గరున్న కాగితం చదివి పెట్టమని పిలిచింది. ఎవరో పౌరహక్కుల లాయరు ఎప్పుడో తెచ్చిచ్చిన నకలు. రేకు పెట్టెలో, పట్టాదారు పాసుపుస్తకం కింద, ప్లాస్టిక్ కవర్‌లో దాచుకుంది. ఫిర్యాదుదారు పోలీసు ఇన్‌స్పెక్టర్. నేరం, పోలీసుల మీద హత్యాయత్నం. ముద్దాయి ఆమె కొడుకు. ముద్దాయి చనిపోయాడు కాబట్టి కేసు మూసేశారు.

నేను చదువుతుంటే ఆమె నా మొహంలోకే చూస్తోంది. అంతా అయ్యాక, "నా కొడుకును సంపినోళ్ళ పేరు ఇండ్ల ఏడనన్న రాసి ఉన్నదా బిడ్డా?" అని అడిగింది. లేదు పెద్దమ్మా అన్నాను. "రాస్తరనుకున్న" అంది. అంతే. కాగితాన్ని మళ్ళీ అవే మడతల మీద మడిచి కవర్‌లో పెట్టుకుంది.

ఒక చావులో చంపినవాళ్ళు గుర్తు తెలియనివాళ్ళు. ఇంకో చావులో చనిపోయినవాడే నేరస్థుడు. ఈ రెండు కాగితాలూ మా ఊరివే అయినా, శ్రీకాకుళం ఏజెన్సీ నుంచి ఆదిలాబాద్ దాకా వందలాది ఇళ్ళలో పెట్టెల అడుగున ఇలాంటివే ఉన్నాయి.

అడిగినప్పుడల్లా ఏం జరిగింది

మనవాళ్ళు ఎప్పుడూ అడగలేదని అనను. అడిగారు. ఎమర్జెన్సీలో, 1975 జులైలో గిరాయిపల్లి అడవిలో నలుగురు యువకులు ఎన్‌కౌంటర్‌లో చనిపోయారని చెప్పారు. ఎమర్జెన్సీ పోయాక 1977లో మాజీ న్యాయమూర్తి తార్కుండే నడిపిన నిజనిర్ధారణ కమిటీ ఊళ్ళు తిరిగి, సాక్షులతో మాట్లాడి, అది ఎన్‌కౌంటర్ కాదని తేల్చింది. ఆ ఒత్తిడితో జస్టిస్ భార్గవ కమిషన్ ఏర్పడింది. సాక్షులు నోరు విప్పడం మొదలయ్యాక, విచారణ మూసిన తలుపుల వెనక జరగాలని ప్రభుత్వం పట్టుబట్టింది. ఆ కమిషన్ చివరిదాకా సాగనే లేదు. ఆ తలుపు ఆ రోజు తెరిచే ఉండి ఉంటే తర్వాతి ముప్పై ఏళ్ళు వేరేగా ఉండేవేమోనని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది. అప్పటికి ఇంకా శవాలు కొద్ది. సాక్షులు బతికే ఉన్నారు. తప్పు చేసిన అధికారులూ కొద్దిమందే.

తర్వాత 2009 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఇచ్చిన తీర్పు. మన హైకోర్టు చరిత్రలో అంత నిక్కచ్చి తీర్పులు అరుదు. పోలీసుల చేతిలో ఒక మనిషి చనిపోతే, ఆ చావు మీద ఎఫ్ఐఆర్ నమోదు చేసి తీరాలని చెప్పింది. ఆత్మరక్షణ కోసమే కాల్చామని పోలీసులు అంటే, అది నిజమో కాదో దర్యాప్తు అధికారి తనంతట తాను తేల్చెయ్యడానికి లేదు, కోర్టులో విచారణలోనే తేలాలంది. మా ఊరి పెద్దమ్మ అడిగింది సరిగ్గా ఇదే. ఆమె ఏ న్యాయశాస్త్రమూ చదవలేదు.

ఆ తీర్పు అమలు కాలేదు. వారాల్లోనే సుప్రీం కోర్టు నిలిపేసింది. 2014లో సుప్రీం కోర్టే ఇంకో కేసులో కొన్ని నిబంధనలు పెట్టింది. ఎన్‌కౌంటర్ చావుల్ని వేరే స్టేషను బృందమో సీఐడీనో దర్యాప్తు చేయాలి, మేజిస్ట్రేట్ విచారణ జరగాలి, కాల్పులు జరిగిన వెంటనే పదోన్నతులూ సాహస పురస్కారాలూ ఇవ్వకూడదు. బాగున్నాయి. కానీ 2009 తీర్పులోని అసలు సంగతి, కాల్చినవాళ్ళు కోర్టు ముందుకొచ్చి ఆత్మరక్షణను నిరూపించుకోవాలన్నది, ఇందులో ఆ గట్టితనంతో లేదు. మేజిస్ట్రేట్ విచారణ అంటే ఆర్డీవో ఆఫీసు నుంచి పేపర్లో ఒక చిన్న ప్రకటన వస్తుంది, తెలిసినవాళ్ళు ఫలానా తేదీన హాజరు కావచ్చని. అడవిలో గూడెం మనిషి ఆ ప్రకటన చదివి, బస్సెక్కి వచ్చి, పోలీసులకు వ్యతిరేకంగా సాక్ష్యం చెప్పి తిరిగి గూడేనికి పోతాడని ఎవరు అనుకుంటారు?

"పని జరిగింది కదా" అనేవాళ్ళకు

నా వాదనకు గట్టి అడ్డం ఇక్కడే ఉంది. దాన్ని తేలిగ్గా దాటెయ్యలేను.

మా కాలనీలో ఒక రిటైర్డ్ హెడ్ కానిస్టేబుల్ ఉన్నాడు. ఆయనతో కలిసి పనిచేసిన కుర్రాడు 2008 జూన్‌లో బలిమెల రిజర్వాయర్‌లో పడవ మీద జరిగిన దాడిలో చనిపోయాడు. నక్సలైట్లను ఎదుర్కోవడానికి పెట్టిన గ్రేహౌండ్స్ దళం కమాండోలు ముప్పైమందికి పైగా ఆ రోజు నీళ్ళలో పోయారు. ఒడ్డున గుట్టల మీది నుంచి మావోయిస్టులు కాల్చారు. తప్పించుకునే దారి లేదు. నక్సలైట్లు చంపిన ఇద్దరు ఐపీఎస్ అధికారులను తలుచుకుని ఆయన నాతో అన్నది ఇది: "సార్, మీరు చెప్పే చట్టం ప్రకారం పోయుంటే మేమెవరం మిగిలేవాళ్ళం కాదు. వ్యాస్ సార్ స్టేడియంలో వాకింగ్ చేస్తుంటే కాల్చారు. ఉమేశ్ చంద్రను ఎస్సార్ నగర్‌లో నడిరోడ్డు మీద కాల్చారు. వాళ్ళకెవరైనా విచారణ పెట్టారా? మేం చేసిన పని వల్లే ఇయ్యాల మీరు రాత్రి పన్నెండింటికి కూడా మీ ఊరికి బండేసుకుని పోతున్నరు."

చివరి మాట నిజం. నేను నిజంగానే రాత్రిపూట పోతున్నాను. 1989లో గ్రేహౌండ్స్ పెట్టిన తర్వాత, మిగతా రాష్ట్రాలు పాఠంలా నేర్చుకునేంత సమర్థంగా ఇక్కడి పోలీసులు పని చేశారు. అడవిలో ఎదురుపడ్డ రెండు బృందాలు కాల్చుకుంటే, అక్కడ కానిస్టేబుల్ చట్టం పుస్తకం తెరిచి చూడాలని నేను అనట్లేదు. ఆత్మరక్షణ హక్కు చట్టంలోనే ఉంది. 2009 తీర్పు దాన్ని తీసెయ్యలేదు. నిజంగా ప్రాణం కాపాడుకోవడానికి కాల్చిన కానిస్టేబుల్‌కి విచారణ వల్ల పోయేది లేదు. బలిమెలలో చనిపోయిన కుర్రాడికీ, పట్టుకున్న మనిషిని చేతులు కట్టి కాల్చినవాడికీ ఒకే గౌరవం దక్కుతుంటే, అన్యాయం అయ్యేది బలిమెల కుర్రాడికే. తేడా తేల్చే చోటు లేకపోవడం నిజాయితీపరుడైన పోలీసుకే పెద్ద నష్టం. ఈ మాట ఆయనతో అన్నాను. ఒప్పుకోలేదు. "కోర్టు చుట్టూ పదిహేనేళ్ళు ఎవరు తిరుగుతారు సార్" అన్నాడు. దానికి నా దగ్గర మంచి జవాబు లేదు. కోర్టులు త్వరగా తేల్చాలి అనడం తేలిక.

అయితే "పని జరిగింది" అనేవాళ్ళు ఖర్చు పూర్తిగా లెక్కేయరు. 1985 సెప్టెంబర్‌లో వరంగల్‌లో యాదగిరి రెడ్డి అనే ఎస్సైని నక్సలైట్లు చంపారు. మర్నాడు ఆయన అంతిమయాత్రలో నడుస్తున్న పోలీసులు దారిలో క్లినిక్‌లోకి దూరి, పిల్లల డాక్టర్ రామనాథాన్ని కాల్చి చంపారు. ఆయన పౌరహక్కుల సంఘం నాయకుడు. ఒక హత్య మీద దుఃఖం ఇరవై నాలుగు గంటల్లో ఇంకో హత్య అయింది. రెండోదానికి ఎవరూ శిక్ష అనుభవించలేదు. ఒక నగరం తన డాక్టరును పట్టపగలు పోగొట్టుకుని, చేసినవాళ్ళు యూనిఫాంలో ఉన్నారు కాబట్టి మాట్లాడకుండా ఉండటం నేర్చుకుంది.

తర్వాత లొంగిపోయిన నక్సలైట్లతో ముఖం చూపించని ముఠాలు తయారయ్యాయి. టైగర్లనీ, కోబ్రాలనీ రకరకాల పేర్లతో బెదిరింపు ఉత్తరాలు వచ్చేవి. 2000 నవంబర్‌లో పౌరహక్కుల సంఘం పురుషోత్తంని హైదరాబాద్‌లో నరికి చంపారు. కొన్ని నెలలకే నల్లగొండలో అదే సంఘం ఆజం అలీని చంపారు. ఆ ముఠాల కథల్లో మళ్ళీ మళ్ళీ వినిపించిన పేరు నయీం. వ్యాస్ హత్య కేసులో ముద్దాయి అయిన ఆ మనిషినే తర్వాత నక్సలైట్ల మీదికి పోలీసులు వాడుకున్నారని ఏళ్ళ తరబడి ఆరోపణలు ఉన్నాయి. 2016 ఆగస్టులో షాద్‌నగర్‌లో అతన్ని కాల్చి చంపేనాటికి అతని సామ్రాజ్యం భూములు, సెటిల్‌మెంట్లు, బెదిరింపులు. బలైంది రియల్ ఎస్టేట్ చేసుకునేవాళ్ళు, మామూలు రైతులు. భువనగిరి చుట్టుపక్కల పొలం రాసివ్వాల్సి వచ్చినవాళ్ళకు నక్సలిజంతో ఏం సంబంధం? చట్టం బయట పెంచిన చెయ్యి చివరికి వాళ్ళ గొంతు దగ్గరికి వచ్చింది. అతను పోయిన పద్ధతి కూడా చూడండి. ఏ పెద్దలు అతన్ని పెంచారో కోర్టులో చెప్పగలిగిన ఒక్క మనిషి నోరు మూతపడింది.

2008 డిసెంబర్‌లో వరంగల్‌లో యాసిడ్ దాడి కేసులో ముగ్గురు కుర్రాళ్ళు ఎన్‌కౌంటర్ అయ్యారు. ఊరంతా మిఠాయిలు పంచుకుంది. 2019 డిసెంబర్ 6న చటాన్‌పల్లి దగ్గర దిశ కేసు నిందితులు నలుగురు చనిపోతే పోలీసుల మీద పూలు చల్లారు. ఆడపిల్లకు జరిగిన ఘోరం మీద ఎవరికైనా రక్తం మరుగుతుంది. నాకూ మరిగింది. కానీ సుప్రీం కోర్టు వేసిన సిర్పుర్‌కర్ కమిషన్ 2022లో ఏం చెప్పింది? పోలీసులు చెప్పిన కథ నమ్మదగ్గది కాదని, చంపాలన్న ఉద్దేశంతోనే కాల్చారని, పదిమంది పోలీసుల మీద హత్యా నేరం కింద విచారణ జరగాలని. చనిపోయినవాళ్ళలో ముగ్గురు అప్పటికి మైనర్లని కూడా చెప్పింది. నిందితులు మా చేతుల్లోంచి తుపాకులు లాక్కున్నారు, ఎదురుకాల్పులు జరిపాం అనే పోలీసుల ఆ కథ ఎక్కడ పుట్టింది? గిరాయిపల్లి నాటి నుంచి అడవి చావుల కోసం రాసి రాసి అరగదీసిన కాగితం అది. అడవిలో జరిగినన్నాళ్ళు మనం అడగలేదు. ఊరి పక్క బైపాస్ రోడ్డు మీదికి వచ్చేసరికి అడగాలన్న ఆలోచన కూడా పోయి, పూలు తెచ్చాం.

"వాళ్ళ హింసా, వీళ్ళ హింసా ఒకటేనా?"

నా జెండా మిత్రుడు ఈపాటికి కోపంగా ఉంటాడు. అతని మాటలోనూ నిజం ఉంది. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో సభకు వచ్చిన గోండుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. సర్కారు 13మంది అంది. ఆదివాసులు ఇప్పటికీ ఆ లెక్క ఒప్పుకోరు. స్తూపం దగ్గరికి ఏటా నివాళికి పోవడానికి కూడా దశాబ్దాల పాటు ఆంక్షలు పెట్టారు. దొరల గడీల ముందు చెప్పులు చేత పట్టుకుని నడిచిన మనుషులు మా తాతల తరంలో ఉన్నారు. వెట్టి పోవడంలో, కూలి రేట్లు పెరగడంలో, తునికాకు కట్టకు రేటు రావడంలో అన్నల పాత్ర లేదని మా ఊళ్ళో ఎవరైనా అంటే పెద్దవాళ్ళు ఒప్పుకోరు. నేనూ ఒప్పుకోను.

అయితే ఆ గీత కార్మికుడు దొర కాదు. అతనికి ఉన్నది మోకు, ముత్తాదు, రెండు గదుల పెంకుటిల్లు. అతను సమాచారం ఇచ్చాడో లేదో ఎవరు తేల్చారు? ఎక్కడ తేల్చారు? అతని మాట ఎవరు విన్నారు? రాత్రి పదింటికి తీసుకుపోయి తెల్లారేలోపు చంపేసిన చోట విచారణకు సమయం ఎక్కడిది? ఇచ్చాడనే అనుకుందాం. పోలీసులు స్టేషన్లో తలకిందులుగా వేలాడదీసి కొడితే ఒక పేరు చెప్పిన మనిషికి మరణశిక్షా? పేదవాళ్ళ కోసం ఎత్తిన తుపాకీ పేదవాళ్ళనే ఎక్కువగా ఎందుకు చంపాల్సి వచ్చిందనే ప్రశ్నను ఉద్యమం లోపల అడగనివ్వలేదు. బయట అడిగినవాళ్ళకు శత్రువుల తొత్తులని పేరు పెట్టారు.

పౌరహక్కుల నాయకుడు బాలగోపాల్ అడిగారు. రాజ్యహింస గురించి ఆయనకన్నా ఎక్కువ ఊళ్ళు తిరిగి, ఎక్కువ నిజనిర్ధారణలు చేసినవాళ్ళు ఈ రాష్ట్రంలో బహుశా లేరు. పోలీసుల చేతిలో దెబ్బలు తిన్నారు, జైలుకు పోయారు. అలాంటి మనిషి, నక్సలైట్ల హింసను కూడా హక్కుల దృష్టితోనే చూడాలని పట్టుబట్టి, పౌరహక్కుల సంఘంలో ఆ చర్చ తెగకపోవడంతో 1998లో బయటికొచ్చి మరికొందరితో మానవ హక్కుల వేదిక పెట్టారు. ఆ నిర్ణయానికి ఆయన పాత స్నేహాలు ఎన్నో పోగొట్టుకున్నారు. మనకు కావాల్సింది అలాంటి మొండితనం. అటు అడిగిన ప్రశ్నే ఇటూ అడగడం.

2018 సెప్టెంబర్ 23న డుంబ్రిగుడ మండలం లివిటిపుట్టు దగ్గర అరకు ఎమ్మెల్యే కిడారి సర్వేశ్వరరావును, మాజీ ఎమ్మెల్యే సివేరి సోమను మావోయిస్టులు కాల్చి చంపారు. ఇద్దరూ గిరిజన నాయకులే. మైనింగ్‌కు కొమ్ము కాశారని నేరం మోపారు. ఓటేసిన జనానికి వాళ్ళను దించే హక్కు ఉంది. చంపే హక్కు ఎవరిచ్చారు? ఆ సాయంత్రం కోపంతో ఉన్న అనుచరులు డుంబ్రిగుడ, అరకు పోలీస్ స్టేషన్ల మీద పడి తగలబెట్టారు. ఎవరిని అడగాలో తెలియనప్పుడు చేతికి అందినదాన్ని కాలుస్తారు.

మధ్యన నిలబడ్డవాళ్ళు

1987 చివర్లో తూర్పు గోదావరి ఏజెన్సీలో గుర్తేడు దగ్గర నక్సలైట్లు కొందరు ఐఏఎస్ అధికారులను అపహరించారు. మారేడుమిల్లి చుట్టుపక్కల కొండలే అవి. వాళ్ళలో ఎస్.ఆర్. శంకరన్ ఒకరు. జైల్లో ఉన్న తమవాళ్ళను విడిపించుకుని దళం వాళ్ళను వదిలేసింది. వెట్టి విముక్తి కోసం, దళితుల భూముల కోసం ఉద్యోగమంతా ఖర్చు పెట్టిన మనిషి ఆయన. రిటైరయ్యాక 1997లో, తనను బందీగా పట్టుకున్న పార్టీకీ, తాను పనిచేసిన ప్రభుత్వానికీ మధ్య నిలబడి పౌర స్పందన వేదిక నడిపారు. పద్మభూషణ్ ఇస్తామంటే వద్దన్నారు. పొత్తూరి వెంకటేశ్వరరావు, హరగోపాల్ లాంటివాళ్ళు ఆయనతో నడిచారు. ఎన్‌కౌంటర్ జరిగితే ప్రభుత్వానికి ఉత్తరం రాశారు. దళం ఎవరినైనా చంపితే పార్టీకి ఉత్తరం రాశారు. జవాబు చెప్పమని ఇద్దర్నీ అడిగారు.

ఏడేళ్ళకు దాని ఫలితం 2004 అక్టోబర్ 15 నుంచి 18 దాకా హైదరాబాద్‌లో జరిగిన చర్చలు. అంతకు ఏడాది ముందే అలిపిరిలో ముఖ్యమంత్రి చంద్రబాబు కాన్వాయ్ కింద మందుపాతర్లు పేలాయి. అలాంటి చోట నుంచి, హోంమంత్రి జానారెడ్డి ఎదురుగా మావోయిస్టు నాయకులు రామకృష్ణ, సుధాకర్, గణేశ్ కూర్చునే దాకా రావడం చిన్న సంగతి కాదు. పల్నాడులో గుత్తికొండ బిలం దగ్గర అన్నలు బయటికొచ్చినప్పుడు జనం వేలల్లో పోయారు. చూడ్డానికే కాదు, చాలామంది అర్జీలు పట్టుకుపోయారు. భూమి తగాదాలు, రాని పెన్షన్లు. ఎవరో ఒకరు వినాలన్న ఆకలి అది.

చర్చలు నిలవలేదు. ఆయుధాలు పట్టుకుని ఊళ్ళలో తిరగొచ్చా లేదా అన్నదగ్గర తెగలేదు. 2005 జనవరిలో మళ్ళీ ఎన్‌కౌంటర్లు మొదలయ్యాయి, పార్టీ చర్చల నుంచి తప్పుకుంది. నక్సలైట్ల వైపు నుంచి చర్చల్లో కూర్చున్న రియాజ్ ఆ జులైలో ఎన్‌కౌంటర్‌లో చనిపోయాడు. ఆగస్టు 15న నారాయణపేటలో జెండా పండగ రోజున ఎమ్మెల్యే నర్సిరెడ్డినీ, ఆయన కొడుకునూ, ఇంకొందరినీ మావోయిస్టులు కాల్చి చంపారు. రెండు రోజులకు పార్టీ మీద నిషేధం మళ్ళీ వచ్చింది. ఈసారి విప్లవ రచయితల సంఘం, విరసాన్ని కూడా కలిపి నిషేధించారు.

శంకరన్ గారి ప్రయత్నం ఓడిపోయిందనేవాళ్ళు చాలామంది. రెండు పక్షాలూ ఆ కొద్ది నెలల్ని బలం కూడగట్టుకోవడానికే వాడుకున్నాయని అంటారు. కొంతవరకు నిజమే అయ్యుండొచ్చు. ఇది నన్ను తొలిచే సందేహమే. ఇంత మంచి మనుషులు, ఇంత ఓపికతో, ఏడేళ్ళు పనిచేస్తే దక్కింది కొద్ది నెలల కాల్పుల విరమణేనా? కానీ ఆ కొద్ది నెలలు మా ఊళ్ళో పొద్దు గుంకినాక కూడా లైట్లు వెలిగాయి. ఆ నెలల్లో బతికిపోయినవాళ్ళు ఎవరో మనకు ఎప్పటికీ తెలియదు. చావని మనిషి పేరు ఏ ఫైల్లోనూ ఎక్కదు. నాకు కనిపించే లోపం వాళ్ళ దారిలో లేదు, వాళ్ళ వెనక జనం లేకపోవడంలో ఉంది. గుత్తికొండకు పోయిన వేలల్లో పదోవంతు మంది కాల్పులు మళ్ళీ మొదలైనప్పుడు హైదరాబాద్ వీధుల్లోకి వచ్చి ఇద్దర్నీ నిలదీసి ఉంటే అంత తేలిగ్గా చర్చలు చెదిరేవి కావు. రాలేదు. మేమూ పోలేదు.

తుపాకులు దిగుతున్నప్పుడు

2025 అక్టోబర్‌లో పెద్దపల్లి మనిషి, మావోయిస్టు నాయకుడు మల్లోజుల వేణుగోపాల్ గడ్చిరోలిలో అరవైమంది సహచరులతో కలిసి ఆయుధాలు అప్పజెప్పాడు. అంతకు ముందు మేలో పార్టీ ప్రధాన కార్యదర్శి నంబాల కేశవరావు అబూజ్‌మడ్‌లో చనిపోయాడు. శ్రీకాకుళం జిల్లా మనిషి, వరంగల్ ఆర్ఈసీలో చదివాడు. మన ఊళ్ళలో మొదలైన ఒక కథ ముగింపుకొచ్చింది. లొంగిపోతున్నవాళ్ళకు పునరావాసం, రివార్డు డబ్బు అందుతున్నాయి. అందాలి. మనిషి తిరిగి రావడానికి దారి ఉండాలి.

కానీ లొంగుబాటు సభలో పూలగుత్తి, ఫోటో అయిపోయాక ఆ పాత చావుల సంగతేమిటి? మా పెద్దమ్మ భర్తను తీసుకుపోయిన మనుషుల్లో ఎవరైనా రేపు ఏదో ఒక కలెక్టరేట్‌లో చెక్కు తీసుకోవచ్చు. ఆమెకు ఒక మాట కూడా ఎవరూ చెప్పరు. కాల్చిన పోలీసు ఇప్పటికి రిటైరై ఉంటాడు. ఐటీఐ పిల్లగాడి తల్లికీ ఎవరూ చెప్పరు.

అందరినీ జైల్లో పెట్టమని నేను అడగట్లేదు. ఇన్నేళ్ళ తర్వాత అది జరగదు, జరిగినా అందులో న్యాయం ఎంతుంటుందో తెలియదు. మన కోర్టుల దారి కూడా ఏమంత శుభ్రంగా లేదని అమలాపురం సాయిబాబా చూపించిపోయారు. వీల్‌చైర్‌లో ఉన్న ఆ ప్రొఫెసర్‌ను మావోయిస్టులతో సంబంధాలున్నాయని 2014లో అరెస్టు చేశారు. చివరికి 2024 మార్చిలో బొంబాయి హైకోర్టు నిర్దోషి అంది. ఆ అక్టోబర్‌లోనే హైదరాబాద్‌లో చనిపోయారు. చట్టం పేరుతో కూడా మనిషిని మెల్లగా చంపొచ్చు. కాబట్టి కోర్టుకు అప్పజెబితే అంతా తేలిపోతుందని నాకు భ్రమ లేదు.

నేను కోరేది ఇంతకంటే చిన్నది. రెండు తెలుగు రాష్ట్రాలూ కలిసి, నమ్మకమున్న ఒక రిటైర్డ్ జడ్జితో, మండలాల వారీగా, ఇరువైపుల చావులన్నిటికీ పేరు పేరునా బహిరంగ నమోదు మొదలుపెట్టాలి. దళం చంపినవాళ్ళు, పోలీసులు చంపినవాళ్ళు, ముఖం చూపించని ముఠాలు చంపినవాళ్ళు, చనిపోయిన కానిస్టేబుళ్ళు, అందరూ ఒకే పుస్తకంలో. చెప్పాలనుకున్న ప్రతి కుటుంబం మాటా ఎంపీడీవో ఆఫీసులోనో బళ్ళోనో అందరి ముందూ వినాలి. లొంగిపోయినవాళ్ళూ రిటైరైన పోలీసులూ వచ్చి తాము చేసింది చెబితే, ఆ చెప్పినదాన్ని వాళ్ళ మీద కేసుకు వాడకుండా రక్షణ ఇవ్వొచ్చు. పాత పుండ్లు రేపడం ఎందుకని అడుగుతారు. ఆ పుండ్లు ఎవరివో వాళ్ళనే అడగండి. రేకు పెట్టెలో నకలు దాచుకున్న మనిషి మరిచిపోయి కూర్చోలేదు.

దీనికి ఖర్చు పెద్దగా ఉండదు. తహసీల్దార్లు ఉన్నారు, రికార్డు గదులు ఉన్నాయి, నిజనిర్ధారణ నివేదికలు హక్కుల సంఘాల దగ్గర ఏళ్ళ వారీగా ఉన్నాయి. లేనిది కాలం. తొంభైల్లో ముప్పై ఏళ్ళున్న సాక్షులకు ఇప్పుడు అరవై దాటింది. మా గీత కార్మికుడి ఇంటి పక్కన ఉండి ఆ రాత్రి తలుపు సందులోంచి అంతా చూసిన ముసలాయన పోయిన ఎండాకాలం కాలం చేశాడు. ఆ మనుషులెవరో ఆయనకు తెలుసు. ఆయన్ని ఎవరూ అడగలేదు.